పిల్లి పరుపు వదిలేసి రోజుకో చోట పడుకుంటోంది, ఏమైనా సమస్యా?

"1200 రూపాయలు పెట్టి మా పిల్లికి పరుపు కొన్నాం. ఒక్కరోజు కూడా దాంట్లో పడుకోలేదు. ఫ్రిజ్ మీద, బీరువా మీద, మడతపెట్టిన బట్టల మీద, రోజుకో చోట పడుకుంటోంది. దానికేమైనా అయ్యిందేమోనని టెన్షన్‌గా ఉంది" అని అడిగారు.

బాగానే తింటోందని, ఆడుకుంటోందని మీరే రాశారు కాబట్టి కంగారు పడకండి. చోట్లు మార్చడం పిల్లి నైజం. మా ఇంట్లో ఇద్దరున్నారు. చిట్టికి 12 ఏళ్లు, గండుకి 8. వాళ్లు పడుకోని చోటంటూ ఇంట్లో మిగల్లేదు. అయితే ఆ చోట్లన్నిటికీ ఒక లెక్క ఉంటుంది. మీ పిల్లి లెక్క ఏమిటో మీకు తెలిసి ఉండాలి. ఎందుకో గండు సంగతి దగ్గర చెప్తాను.

అన్నిటికంటే ముందు వెచ్చదనం. మాది తెనాలి దగ్గర పల్లెటూరు. నా చిన్నప్పుడు అమ్మమ్మ వంటింట్లో మట్టిపొయ్యి ఉండేది. రాత్రి వంటయ్యాక నిప్పులు బయటికి లాగేసినా లోపలి బూడిద తెల్లవారేదాకా గోరువెచ్చగా ఉండేది. మా తెల్లపిల్లి అర్ధరాత్రి ఎప్పుడో వచ్చి అందులో ముడుచుకునేది. పొద్దున్నే అమ్మమ్మ పుల్లతో పొయ్యిగట్టు మీద రెండుసార్లు తట్టేది. చీకట్లోంచి ముందు రెండు కళ్లు తెరుచుకునేవి. తర్వాత బూడిద పూసుకున్న మొహం, ఆ తర్వాత ఒళ్లు విరుచుకుంటూ మిగతా పిల్లి. బయటికొచ్చి ఒక్కసారి దులుపుకుందంటే వంటిల్లంతా తెల్లటి దుమ్ము. అది లేచాకే పొయ్యి రాజేసేది. "వాళ్ల పొయ్యిలో పిల్లి లేవలేదు" అన్న మాట మొదటిసారి విన్నప్పుడు, ఆ ఇంట్లో ఈ పూట వంట లేదని నాకు వేరే చెప్పాల్సిన పని లేకపోయింది. పగలైతే పెరట్లో పాలు కాగే దాలి పక్కన చేరేది. పాలమీద ఆశ కొంత, పిడకల వేడి కొంత.

ఇప్పుడు హైదరాబాద్‌లో మాది మూడో అంతస్తు ఫ్లాట్. బూడిద లేదు, దాలి లేదు. పిల్లులు మాత్రం అదే వేడిని వెతుక్కుంటున్నాయి. ఫ్రిజ్ వెనకనుంచి వచ్చే వేడిగాలి పైకి వెళ్తుంది కాబట్టి దాని నెత్తిన వెచ్చగా ఉంటుంది. సెట్‌టాప్ బాక్స్, వైఫై రూటర్, ఇప్పుడే మూసిన ల్యాప్‌టాప్ కూడా అంతే. పిల్లి ఒంటి వేడి మామూలుగా 38 నుంచి 39 డిగ్రీలు. ఒళ్లు అదనంగా కష్టపడకుండా ఆ వేడి నిలవాలంటే చుట్టూ 30 నుంచి 38 డిగ్రీల దాకా ఉండాలి. అంటే మనం ఫ్యాన్ కోసం వెతుక్కునే వేడి దానికి హాయిగా ఉంటుందన్నమాట. ఇంటిపిల్లుల మూలం ఆఫ్రికా, పశ్చిమాసియా ప్రాంతాల అడవిపిల్లి. మెట్ట నేలల్లో, ఎడారి అంచుల్లో బతికిన జాతి అది. మన ఏసీ గది దానికి ఏమంత సుఖంగా ఉండదు.

రోజుకి 12 నుంచి 16 గంటలు నిద్రపోయే జీవి కాబట్టి ఆ చోట్లు కూడా పొద్దుతో పాటు జరుగుతాయి. జనవరిలో చిట్టి ఏడింటికి హాల్ కిటికీ గట్టు మీద ఉంటుంది. తొమ్మిదయ్యేసరికి ఎండ సోఫా చేతి మీదికి వస్తుంది, చిట్టీ వస్తుంది. పదకొండున్నరకి గచ్చు మీద చాపంత ఎండ పడుతుంది, అక్కడ. సాయంత్రం నాలుగింటికి వెనక బాల్కనీ. మే నెలలో ఇదంతా తిరగబడుతుంది. పిల్లికి చెమట పట్టేది అరికాళ్లకే. ఒళ్లంతా చల్లబడాలంటే నాక్కోవాలి, లేదా చల్లటి నేలకి పొట్ట ఆనించాలి. అందుకే ఎండాకాలం మా ఇద్దరూ సింకు కింద, బాత్రూమ్ గడప రాయి మీద, నీళ్లకుండ పక్కన బార్లా పడి ఉంటారు.

రెండోది ఎత్తు. పిల్లి వేటాడుతుంది కానీ, తనకంటే పెద్ద జంతువుకి అదే ఆహారం కూడా. వీపుకి గోడ ఉండాలి, వచ్చేపోయేవాళ్లు ముందే కనపడాలి. బీరువా నెత్తిన ఈ రెండూ కుదురుతాయి. ఎత్తు దొరకకపోతే అట్టపెట్టె లాంటి నాలుగు గోడల చోటు వెతుక్కుంటుంది. నెదర్లాండ్స్‌లో ఒక షెల్టర్‌కి కొత్తగా వచ్చిన పిల్లుల మీద చేసిన అధ్యయనం 2014లో వచ్చింది. దాక్కోడానికి పెట్టె ఇచ్చినవి, ఇవ్వనివాటికంటే త్వరగా కుదుటపడ్డాయని అందులో తేలింది. మీరు కొన్న పరుపు హాల్ మధ్యలో, టీవీ ఎదురుగా పెట్టామన్నారు. అందరూ నడిచే దారిలో నిద్రపొమ్మంటే దానికి ధైర్యం చాలదండీ.

మూడోది వాసన. మడతపెట్టిన బట్టల్లో మీ వాసన ఉంటుంది, కొత్త పరుపులో ప్లాస్టిక్ కవర్ వాసన తప్ప ఏమీ ఉండదు. పిల్లికి బుగ్గల దగ్గర, నుదుటి మీద, పాదాల్లో వాసన గ్రంథులుంటాయి. పడుకున్న చోటల్లా అవి రుద్ది తనదిగా చేసుకుంటుంది. మనం వారం వారం సర్ఫ్‌తో ఉతికి ఆ వాసన పోగొడితే దానికి మళ్లీ పరాయి చోటే అవుతుంది.

ఇక గండు సంగతి. వాడు ఫ్రిజ్ మీది మనిషి. మూడేళ్లపాటు రాత్రి నిద్ర అక్కడే. నాలుగేళ్ల కిందట ఏప్రిల్‌లో ఒకరోజు సాయంత్రం చూస్తే ఫ్రిజ్ మీద లేడు. బాత్రూమ్‌లో బకెట్ వెనక, తడినేల మీద, మొహం గోడవైపు పెట్టుకుని కూర్చున్నాడు. ఎండలకి అలా చేశాడనుకున్నాను. మర్నాడు పొద్దున కూడా అక్కడే. పిలిస్తే చెవి తిప్పాడు కానీ లేవలేదు. ఒక క్లినిక్‌కి ఫోన్ చేస్తే "వేసవి కదా, చల్లదనం కోసం అలాగే ఉంటాయి" అని పెట్టేశారు. నాకు మనసొప్పలేదు. ఎండకైతే కాళ్లు చాపుకుని బార్లా పడుకోవాలి. వీడు కాళ్లు నాలుగూ ఒంటి కింద బిగించుకుని, కళ్లు సగం మూసి ఉన్నాడు. గంట కనిపెట్టి చూశాను. మట్టి ట్రేలోకి అయిదుసార్లు వెళ్లాడు, ఒక్క చుక్క కూడా పడలేదు.

వెంటనే బుట్టలో పెట్టుకుని ఇంకో డాక్టర్ దగ్గరికి పరిగెత్తాం. పొట్ట ముట్టుకోగానే ఆయన మొహం మారిపోయింది. మూత్రనాళం మూసుకుపోయింది, మూత్రాశయం రాయిలా గట్టిపడింది. మగపిల్లుల్లో ఆ నాళం చాలా సన్నం, స్ఫటికాలో జిగురో అడ్డం పడితే మూత్రం ఆగిపోతుంది. ఒకటి రెండు రోజులు అలాగే వదిలేస్తే ప్రాణం పోతుంది. మత్తిచ్చి గొట్టం వేసి, మూడు రోజులు ఉంచుకుని పంపారు. ఇంటికొచ్చిన అయిదో రోజు రాత్రి గండు మళ్లీ ఫ్రిజ్ ఎక్కాడు. కింద నిలబడి ఏడ్చాను.

పిల్లి నొప్పిని పైకి చెప్పదు. చాలాసార్లు అరవదు, కుంటదు, తిండి కూడా వెంటనే మానదు. ఎప్పుడూ పడుకునే చోటు వదిలి, ఎప్పుడూ వెళ్లని మూలకి వెళ్తుంది. అందుకే మీ పిల్లి తిరిగే నాలుగైదు చోట్లు బాగా గుర్తుపెట్టుకోండి. ఫ్రిజ్ నుంచి బీరువాకి, బీరువా నుంచి బట్టల మీదికి మారితే మామూలే. మంచం కింద, తలుపు సందులో, పిలిచినా రాకుండా ఒకపూట దాటి ఉండిపోతే ఆలోచించకుండా డాక్టర్‌కి చూపించండి. మగపిల్లి అయితే మూత్రం పోస్తోందో లేదో ముందు చూడండి. ఈనబోయే ఆడపిల్లి కూడా చీకటి మూల వెతుక్కుంటుంది, అది వేరే సంగతి. పిల్లల్ని ఏడిళ్లు తిప్పుతుందన్న మాట ఊరికే రాలేదు.

చిట్టి విషయంలో మార్పు మెల్లగా వచ్చింది. రెండేళ్ల కిందట బీరువా ఎక్కడం మానేసి కింద బట్టల బుట్టలో పడుకోవడం మొదలుపెట్టింది. వయసు కదా అనుకున్నాం. వెనక కాళ్ల కీళ్లు అరిగాయని డాక్టర్ చెప్పారు. బీరువా పక్కన స్టూలు, దాని పక్కన చిన్న పీట వేశాం.

ఇష్టమైన చోటు ఉన్నట్టుండి పూర్తిగా వదిలేస్తే అక్కడి గుడ్డని ఒకసారి చూడండి. పేలదువ్వెనతో ఒళ్లు దువ్వితే నల్లటి నలకలు రాలతాయేమో గమనించండి. తడి దూది మీద పెడితే అవి ఎర్రగా కరిగితే రక్తం పీల్చే చిన్న పురుగులు (ఫ్లీలు) పట్టినట్టే.

పడుకోనివ్వకూడని చోట్లు మూడు. వాషింగ్ మెషీన్ మూత ఎప్పుడూ మూసి ఉంచండి, స్విచ్ వేసేముందు లోపల చెయ్యి పెట్టి చూడండి. బాల్కనీ పిట్టగోడకి వల కట్టించండి, నిద్రలో దొర్లి పడతాయి. చలికాలం పొద్దున కారు తీసేముందు బానెట్ మీద గట్టిగా రెండు దెబ్బలు వేయండి. మీ పిల్లి ఇంట్లోనే ఉన్నా సరే, వీధి పిల్లులు ఇంజిన్ వెచ్చదనానికి లోపల దూరతాయి. అమ్మమ్మ పొయ్యిగట్టు తట్టినట్టే.

ఆ పరుపుని పారేయకండి. హాల్‌లోంచి తీసి బీరువా మీదో, కిటికీ పక్కన గోడకి ఆనించో పెట్టండి. మీరు రెండు రోజులు కట్టుకున్న నూలు చీరో, లుంగీయో ఉతక్కుండా అందులో పరవండి. పిల్లిని ఎత్తి అందులో కూర్చోబెట్టొద్దు, దానంతటదే రావాలి. చిట్టికి అలాగే అలవాటైంది. పరుపు స్టూలు మీద పెట్టి మా అమ్మ పాత నేతచీర వేస్తే, మొదటి రోజు వాసన చూసి వెళ్లిపోయింది. రెండో రోజు ముందుకాళ్లు పెట్టి కాసేపు పిసికింది. మూడో రోజు మధ్యాహ్నం చూస్తే చీర కొంగులో మొహం దాచుకుని నిద్రపోతోంది.