మేం ‘ఎల్ఎంఎస్ వాళ్ళం’ అంటే ఏంది సార్?

ప్రశ్న: సార్, మాది జమ్మలమడుగు దగ్గర పల్లె. మా జేజి ఎప్పుడూ ‘మేం ఎల్ఎంఎస్ వాళ్ళం, నంద్యాల వైపోళ్ళు ఎస్పీజీ’ అనేది, ఇప్పుడేమో మాది సీఎస్ఐ అంటారు. మా పాస్టరుగారు మన మూలం కాల్విన్ దగ్గరుందంటాడు. మా చిన్న చర్చి చరిత్ర రాయాలని ఉంది, యాడ మొదలుపెట్టాల?
– ఒక పాఠకురాలు, ప్రొద్దుటూరు

జవాబు: అమ్మా, మీ జేజి చెప్పింది నూటికి నూరుపాళ్ళు కరెక్టు. ఎల్ఎంఎస్ అంటే లండన్ మిషనరీ సొసైటీ, 1795లో పెట్టారు, కడపకి 1822లో వచ్చింది, మీ జమ్మలమడుగు క్యాంప్‌బెల్ ఆస్పత్రి కూడా వాళ్ళదే. ఎస్పీజీ అంటే సొసైటీ ఫర్ ద ప్రొపగేషన్ ఆఫ్ ద గాస్పెల్, అది ఇంగ్లండు ప్రభుత్వ చర్చి (ఆంగ్లికన్) వాళ్ళది, ఆ చర్చికి బిషప్పులు, అంటే సంఘాలన్నిటి మీదా పెద్ద గురువులు, ఉంటారు. ఎల్ఎంఎస్‌లో ఎక్కువమంది ఇండిపెండెంట్లు, అంటే బిషప్పు లేడు, పైన ఆఫీసు లేదు, సంఘంలో ఉన్న జనమే కూర్చుని పాస్టర్ని ఎన్నుకుంటారు.

మీ పాస్టరుగారి మాట ఇక్కడే వస్తుంది. కాల్విన్ జెనీవాలో ఉండి బోధించినాయన, 1564లో చనిపోయాడు. రక్షణ మనిషి సంపాదించుకునేది కాదు, దేవుడే ముందుగా ఏర్పరచుకుంటాడు అనేది ఆయన బోధలో గట్టి మాట. అయితే ప్రతి సంఘం విడివిడిగా ఉండాలని ఆయన అనలేదు, అది ఇంగ్లండులో ఆయన బోధని పట్టుకున్న ఇండిపెండెంట్లు పెట్టుకున్న పద్ధతి. 1662లో అక్కడి ప్రభుత్వం అందరూ ఒకే ప్రార్థన పుస్తకం వాడాల్సిందే అని చట్టం చేస్తే ఒప్పుకోని పాదిరులు దాదాపు 2000 మంది పదవులు పోగొట్టుకున్నారు, జనం ఇళ్ళల్లో, కొట్టాల్లో దాక్కుని ఆరాధన చేసుకున్నారు, 1689లో చట్టం కాస్త సడలినాక చిన్న చిన్న చాపెళ్ళు, అంటే ప్రార్థన మందిరాలు, కట్టుకున్నారు. మామూలు ఇల్లు మాదిరే ఉంటాయి అవి, బొమ్మలుండవు, అద్దాలకి రంగులుండవు, ఎదురుగా పెద్ద పుల్పిట్ (ప్రసంగం చెప్పే ఎత్తు పీట), దాని మీద తెరిచిన బైబిలు, అంతే.

నాకు ఈ చరిత్రలో అన్నిటికన్నా ఇష్టమైంది 1796లో ఎల్ఎంఎస్ చేసుకున్న తీర్మానం. మేం ఫలానా రకం చర్చి పద్ధతి మోసుకుపోము, సువార్త చెప్తాం, సంఘం ఎట్లా నడుపుకోవాలో అక్కడి జనమే తేల్చుకుంటారు అని రాసుకున్నారు. మంచి మాట! కానీ మన పల్లెల్లో ఉపదేశికి జీతం మిషన్ డబ్బులోంచి వచ్చేటప్పుడు ఎవరి మాట చెల్లుతుందో చెప్పాలా. 1850ల తర్వాత కడప జిల్లాలో మాలపల్లెలకి మాలపల్లెలే సంఘంలోకి వచ్చాయి, వాళ్ళెందుకు వచ్చారు, ఊర్లో ఏమి పడ్డారు అనేది మిషనరీ దొరలు రాసిన దాంట్లో దొరల కళ్ళతోనే కనిపిస్తుంది. 1908లో ఎల్ఎంఎస్ సంఘాలు ప్రెస్బిటేరియన్లతో (సంఘపెద్దల సభలతో నడిచే చర్చి వాళ్ళతో) కలిశాయి, తర్వాత బిషప్పులున్న ఆంగ్లికన్లు కూడా కలిసి 1947 సెప్టెంబరు 27న సీఎస్ఐ, అంటే చర్చ్ ఆఫ్ సౌత్ ఇండియా, ఏర్పడింది. అట్లా బిషప్పు లేని సంఘంగా మొదలైన మీ చర్చికి బిషప్పు వచ్చాడు. నంద్యాల వైపు ఆంగ్లికన్లు మాత్రం చాలామంది అప్పుడు చేరలేదు.

ఇక రాసేదెట్లా అంటే, దొరల ఉత్తరాలు లండన్‌లో సోవాస్ యూనివర్సిటీ లైబ్రరీలో ఉన్నాయి, బెంగళూరు యునైటెడ్ థియలాజికల్ కాలేజీలో కూడా పాత మిషన్ కాగితాలున్నాయి. కానీ అవి తర్వాత. ముందు మీ చర్చి బీరువా తీయించండి, బాప్తిస్మం రిజిస్టరు, పెళ్ళిళ్ళ రిజిస్టరు, సంఘపెద్దల మీటింగు పుస్తకం, కానుకల లెక్క ఏది దొరికినా పట్టుకోండి. ఎవరు ఏ సంవత్సరం ఏ ఊరినుంచి వచ్చారు, ఎవరి పేరు మారింది, పైకప్పుకి ఎవరు ఎంతిచ్చారు అన్నీ అందులోనే ఉంటాయి. స్థలం దస్తావేజు సబ్‌రిజిస్ట్రారు ఆఫీసులో నకలు అడగండి. సమాధుల రాళ్ళ మీద రాతలు సాయంత్రం ఏటవాలు ఎండలో ఫోటో తీస్తే బాగా చదవొస్తాయి. జేజి వయసు వాళ్ళు ఇంకా ఉంటే ఈ వారమే ఫోన్‌లో రికార్డు చేసుకోండి, పాటలు కూడా పాడించండి.

పాత రిజిస్టర్లకి మాత్రం లామినేషన్ చేయించొద్దు తల్లీ, ఆ వేడికి, ఆ జిగురుకి కాగితం పాడైపోతుంది, మళ్ళీ తీయడానికి కూడా రాదు. ఫోటోలు తీసి, ఒరిజినల్ని పొడి గుడ్డలో చుట్టి బీరువాలోనే పెట్టండి.