నల్లగొండలో ‘గొండ’ ఎక్కడిది?

సందేహం: నేను నల్లగొండ దగ్గర ఒక ప్రభుత్వ పాఠశాలలో తెలుగు చెబుతాను. ఆరో తరగతిలో పదాలు విడదీయిస్తుంటే ఒక పిల్ల ‘నల్లగొండ = నల్ల + గొండ’ అని రాసి, “గొండ అంటే ఏంది టీచర్?” అని అడిగింది. కొండ అని చెప్పాను. “దేవరకొండల క ఉన్నది గద, మనకే గ ఎందుకొచ్చింది?” అంది. అంతలో వెనక బెంచీ నుంచి ఇంకొకడు లేచి, “మనం గుట్ట అంటం గద టీచర్, మరి నల్లగుట్ట ఎందుకు గాలే?” అన్నాడు. రేపు చెబుతానని తప్పించుకున్నాను. ఈ ఊరి అసలు పేరు నీలగిరి అనీ, తర్వాత నల్లగొండ అయిందనీ చిన్నప్పుడు చదువుకున్నాం. అది నిజమేనా? ‘నల్గొండ’ అని రాస్తే తప్పా?
– ఒక ఉపాధ్యాయురాలు, నల్లగొండ జిల్లా

సమాధానం: అమ్మా, మీ తరగతిలో ఒక పూట వెనక బెంచీలో కూర్చోవాలని ఉంది. ఇన్నేళ్లు పాఠం చెప్పాను గానీ ఇలాంటి ప్రశ్నలు నన్ను ఒకే రోజు ఎవరూ అడగలేదు. ఆ వెనక బెంచీవాడి ప్రశ్న అన్నిటికంటే గట్టిది. దాన్ని కాసేపు పక్కన పెట్టి, ముందు పిల్ల అడిగిన ‘గ’ సంగతి చూద్దాం.

గొండ అని విడిగా మాట లేదు. కొండే ఇంకో మాట వెనక చేరి గొండ అయింది. కూర, కాయ కలిసి కూరగాయ అయినట్టు, తల్లి, తండ్రి కలిసి తల్లిదండ్రులైనట్టు. దీన్ని బడిలో గసడదవాదేశం అంటాం. ఆ పేరు వినగానే పిల్లల మొహాలు వాడిపోతాయి గానీ, ఇది నోటి అలవాటు. రెండు అచ్చుల నడుమ ఇరుక్కున్న పరుషాన్ని, అంటే క చ ట త పలను, నాలుక గ స డ ద వలుగా మెత్తబరుస్తుంది. ద్రావిడ భాషలకు ఇది పాత గుణం. తమిళులు క, గ రెంటికీ ఒకే అక్షరంతో ఇన్ని శతాబ్దాలు నెట్టుకొచ్చారంటే ఇదే కారణం. మాట మొదట్లో క, నడుమన గ అని నోరే చూసుకుంటుంది, అక్షరం వేరే చెప్పనక్కర్లేదు.

అయితే ఇవాళ మనం కట్టే జంటమాటల్లో ఈ మెత్తదనం కనబడదు. నల్లకోడి అంటాం, నల్లగోడి అనం. ఎర్రకోట అంటాం, ఎర్రగోట అనం. రెండు మాటలూ మన మనసులో దేనికది నిలబడి ఉన్నంతకాలం క కదలదు. అదే కొండను చూసి ఈ రోజు ఎవరైనా కొత్తగా పేరు పెడితే ‘నల్లకొండ’ అనే పెడతారు. గ పడిందంటే ఆ రెండు మాటలు ఎప్పుడో కరిగి ఒకటైపోయాయని లెక్క. మీ పిల్లకు ఇలా చెప్పండి: ఆ గ మీ ఊరి పేరుకు నెరిసిన వెంట్రుక.

ఇదే పోలిక ఓరుగల్లులోనూ ఉంది. కల్లు అంటే రాయి, ఓరుగల్లు అంటే ఒంటిరాయి. పండితులు దాన్నే ఏకశిలానగరం అన్నారు. మీ పక్కనున్న పానగల్లు చివర వినబడేదీ ఈ గల్లే. రాయి అనే అర్థంలో కల్లు మన వాడుకలోంచి జారిపోయి, ఇప్పుడు తాటికల్లు ఒక్కటే మిగిలింది (నల్లగొండ జిల్లాలో ఆ మాటకు ఇప్పట్లో వచ్చిన ఆపదేమీ లేదు). తమిళంలో ఈ రెండూ వేరువేరు. రాయి ‘కల్’, తాగేది ‘కళ్’. మనకు ల, ళల తేడా సడలి రెండూ ఒకే గొంతుతో పలుకుతున్నాయి.

ఇక దేవరకొండ. పేర్లను పక్కపక్కన పెట్టి చూస్తే ఒక తీరు కనిపిస్తుంది. నల్లగొండ, ఎర్రగొండపాలెం, వెలిగొండ: వీటిలో ముందు మాట కొండ గుణం చెబుతుంది. దేవరకొండ, రాచకొండ, నందికొండ, నాగార్జునకొండ: వీటిలో ముందుండేది ఒక దేవర, ఒక రాచవాడు, ఒక నంది, ఒక నాగార్జునుడు. ‘ఫలానావారి కొండ’ అన్న వరస. గుణం చెప్పే మాట తర్వాతి మాటకు అతుక్కుపోతుంది. సొంతదారు పేరు మాత్రం తన పెద్దరికం నిలుపుకొని కాస్త ఎడంగా ఉంటుంది. అందుకే అక్కడ క మిగిలిందని నా ఊహ. ఇది తాళం వేసిన సూత్రం అనుకోకండి. మంచాల వైపు బోడకొండ ఉంది. బోడ అనేది గుణమే, అయినా క చెక్కుచెదరలేదు. సూర్యాపేట దగ్గర ఉండ్రుగొండ ఉంది. అనంతపురం వైపు కొండనైతే ఒకరు పెనుకొండ అని రాశారు, ఇంకొకరు పెనుగొండ అని రాశారు. వ్యాకరణం పుట్టకముందే పుట్టిన పేర్లు ఇవి, దానికి అన్నిచోట్లా లొంగమంటే ఎలా?

ఇప్పుడు వెనక బెంచీవాడి ప్రశ్న. నల్లగొండ పట్టణం నడిబొడ్డున నిలబడి తల ఎత్తితే కనిపించేవి లతీఫ్ సాహెబ్ గుట్ట, కాపురాల గుట్ట. ఊరి పేరులో కొండ ఉంది, ఊరి మీద ఉన్నవి మాత్రం గుట్టలు! వాడు పట్టుకున్నది ఈ చిక్కునే.

తెలంగాణ పల్లెల్లో రోజువారీ మాట గుట్టే. మేకలు గుట్టకు పోతాయి, సీతాఫలాలు గుట్ట మీద కాస్తాయి. మీ జిల్లాలో ‘గుట్టకు పోయొచ్చినం’ అంటే ఏ గుట్ట అని ఎవరూ అడగరు, అది యాదగిరిగుట్టే. తిరుపతిలో ‘కొండకెళ్లొచ్చాం’ అంటే తిరుమల అయినట్టు. ఈ రెండు వాక్యాలను చూసి చాలామంది ఒక తేలిక తీర్పు చెప్పేస్తారు, కొండ ఆంధ్ర మాట, గుట్ట తెలంగాణ మాట అని. నేనూ కుర్రతనంలో అలాగే అనేవాణ్ని. ఆ తీర్పు నిజమైతే నల్లగొండ, దేవరకొండ, రాచకొండ, పాలమూరులో కోయిల్‌కొండ, మన్యంకొండ ఎక్కడి నుంచి వచ్చాయి? ఎవరో అటునుంచి వచ్చి పెట్టిపోయారా? ఇక్కడి జనమే ఒకప్పుడు కొండ అన్నారు, పేర్లు అప్పుడు పడ్డాయి. తర్వాత నోళ్లలో గుట్ట ముందుకొచ్చింది. ఊరి పేరు మాత్రం పాత మాటనే పట్టుకొని కూర్చుంది.

కొండ ఇప్పటికీ పూర్తిగా పోలేదు. తోకపొడుగు కోతిని మనవాళ్లు కొండెంగ అంటారు గానీ గుట్టెంగ అనరు. మీ జిల్లాలో వాడకొక కొండయ్య, కొండమ్మ ఉంటారు. గుట్టయ్యను మాత్రం నేను ఇంతవరకు చూడలేదు. యాదగిరి, యాదయ్య, యాదమ్మ పేర్లన్నీ గుట్ట దేవుడివే అయినా, మనుషుల పేర్లలోకి గిరి ఎక్కింది, గుట్ట ఎక్కలేదు. పాలమూరులో కురుమూర్తి జాతర జరిగే కొండ దేవుడి పేరు కురుమయ్యలై ఇంటింటా తిరుగుతోంది.

రెండు మాటలూ అచ్చ ద్రావిడాలే. కొండకు తమిళంలో జోడు ‘కున్ఱం’, మలయాళంలో ‘కున్ను’. తమిళ ‘మూన్ఱు’ మనకు ‘మూండు’ అయి మూడుగా మిగిలినట్టే, కున్ఱం మనకు కొండ అయింది. గుట్టకు జోడు కన్నడంలో ఉంది, ‘గుడ్డ’. మక్తల్, నారాయణపేట వైపు రెండు భాషలూ మాట్లాడేవాళ్లకు ఇది కొత్త సంగతి కాదు. సవదత్తి ఎల్లమ్మ గుడ్డకు మొక్కులు తీర్చుకోవడానికి పోయేవాళ్లు ఆ మాటను మన గుట్టగానే వింటారు. గుట్టకు మనకు ఇంకో అర్థం కూడా ఉంది, పోగు. బట్టల గుట్ట, వడ్ల గుట్ట. గుండ్ల మీద గుండ్లు పేర్చినట్టుండే మన దక్షిణ తెలంగాణ రాతికొండలను చూసినవారికి ఈ మాట ఎందుకు నిలబడిందో వేరే చెప్పాలా?

ఇంకో మాట కూడా ఉంది, గట్టు. నార్కట్‌పల్లి దగ్గర చెర్వుగట్టు జడల రామలింగేశ్వరస్వామి గుడికి మీరు వెళ్లే ఉంటారు. బయటివాళ్లు ఆ పేరు విని చెరువుకు వేసిన మట్టికట్ట మీద గుడి ఉందనుకుంటారు. మనం దాన్ని చెరువు కట్ట అంటాం, గట్టు అనం. అక్కడ గట్టంటే కొండే, గుడి ఉన్నదీ కొండ మీదే. గద్వాల వైపు గట్టు అనే మండలమే ఉంది. మీ జిల్లాలో గట్టుప్పల్ ఉంది. ఇలా స్థానికార్థం తెలియక పక్కదారి పట్టిన పేర్లలో నాకు నచ్చేవి శ్రీశైలం దారిలో అమ్రాబాద్ అడవిలోని ఈగలపెంట, దోమలపెంట. బస్సులో పోయేవాళ్లు బోర్డు చదివి ముక్కు మూసుకొని నవ్వుకునేవారు. చెంచుల నోట పెంట అంటే గూడెం. అప్పాపూర్ పెంటలో చెంచులు కాపురముంటున్నారు, చెత్త పోయడం లేదు.

ఆ అడవి పేరులోనే ఉంది మనం పూర్తిగా మరిచిపోయిన మాట, ‘మల’. నల్లమల అంటే నల్లకొండే. తమిళంలో మలై, మలయాళంలో మల ఇప్పటికీ బతికున్నాయి. తెలుగులో ఒంటరిగా ‘మల ఎక్కాం’ అనేవాళ్లు లేరు. కొందరు నల్లమలలో నల్లకు తమిళంలోలాగా ‘మంచి’ అని అర్థం చెబుతారు. పక్కనే ఎర్రమల కొండలు ఉన్నాయి గనుక ఆ వాదం నిలవదు. నలుపు, ఎరుపు పక్కపక్కన నిలబడ్డాక మంచిచెడ్డల మాట ఎందుకు? (నగరంలో పుట్టిన నా మనవడికి నల్ల అంటే నీళ్లొచ్చే నల్లా. వాడి అర్థం వాడిది.)

మల అర్థం ఎంత మరుగున పడిందో తిరుమలగిరి చెబుతుంది. మల అంటే కొండ, గిరి అంటే కొండ. కొండకొండ! యాదగిరిగుట్టదీ అదే కథ. గిరి వెనక గుట్ట. ఈమధ్య వచ్చిన యాదాద్రిలో ‘అద్రి’ కూడా కొండే. ఇందులో తప్పుపట్టడానికేమీ లేదు. ముందు తరం వాడిన మాట చల్లబడితే తరవాతి తరం తనకు తెలిసిన మాటను పక్కన చేర్చుకుంటుంది.

గిరి, అద్రి పైనుంచి దిగినవి. పండితులూ రాజులూ పెట్టినవి. భువనగిరి పేరులో ఉన్నది కల్యాణి చాళుక్య విక్రమాదిత్యుడి బిరుదు త్రిభువనమల్ల. ఆయన రాజ్యం చేసింది 1076 నుంచి 1126 దాకా. శాసనం అలా చెక్కినా, జనం దాన్ని బోనగిరి చేసుకొని తమ నోటికి తగ్గట్టు మలుచుకున్నారు.

నీలగిరిని ఈ వెలుగులో చూడాలి. అసలు పేరు నీలగిరి అనీ, బహమనీ రాజ్యం స్థాపించిన అలావుద్దీన్ హసన్ దాన్ని గెలిచాక నల్లగొండ అయిందనీ చాలాచోట్ల రాస్తారు. నాకిది మింగుడుపడదు. 1347లో గద్దెనెక్కిన పారసీ దర్బారు సుల్తాను ఒక ఊరి పేరు మార్చదలిస్తే, ఏరికోరి నల్ల అనే తెలుగు మాటను, కొండ అనే తెలుగు మాటను తెచ్చి, నడుమ గసడదవాదేశం కూడా చేసి పెడతాడా? పాలకులు పేరు మారిస్తే ఎలా ఉంటుందో పాలమూరును చూడండి. 1890లో అది ఆరో నిజాం మహబూబ్ అలీఖాన్ పేరున మహబూబ్‌నగర్ అయింది. నా లెక్కన నల్లగొండే ముందు. వాన పడ్డాక నీళ్లు జారి నల్లటి చారలు దిగిన ఆ రాతిని చూసి పశులకాపరో, బాటసారో పెట్టిన పేరు. దాన్ని గ్రంథాల కోసం సంస్కృతంలోకి తిప్పితే నీలగిరి అయింది. సంస్కృతంలో నీలమంటే నల్లని కూడా. పెనుకొండ ఘనగిరి కావడం, ఓరుగల్లు ఏకశిలానగరం కావడం ఇదే పద్ధతి. తెలుగు పేరును సంస్కృతీకరించిన ఉదాహరణలు గంపెడు చూపించగలను. సంస్కృత పేరును సుల్తానులు తెలుగు చేసిన ఉదాహరణ ఒక్కటి ఎవరైనా చూపిస్తే నా మాట వెనక్కి తీసుకుంటాను.

చివరిది, నల్గొండ. నోట్లో అలా రావడం సహజమే. చిలుకను చిల్క అంటాం, పలుకును పల్కు అంటాం. నడిమి పొట్టి అచ్చు జారిపోవడం మనకు అలవాటు. రాతలో మాత్రం నల్గొండ స్థిరపడడానికి సర్కారు కచేరీ కారణం. 1880లలో నిజాం ప్రభుత్వ వ్యవహారం ఫారసీ నుంచి ఉర్దూలోకి మారింది. ఆ లిపిలో ద్విత్వానికి తష్దీద్ అనే గుర్తు పెట్టాలి, రాసేవాళ్లు దాన్ని తరచూ వదిలేస్తారు. పొట్టి అచ్చులకూ గుర్తులు పెట్టరు. ఇంగ్లీషు దొరలు విన్నదీ చదివిందీ కలిపి ఒక స్పెల్లింగు ఖాయం చేశారు. దాన్ని మనం మళ్లీ తెలుగులోకి దింపుకున్నాం. గొల్లకొండ గోల్కొండ అయిన తోవ కూడా ఇదే.

రైలు టికెట్ మీదా, సర్టిఫికెట్ల మీదా నల్గొండ అని ఉంటే దానికోసం ఎవరూ ఆఫీసుల చుట్టూ తిరగనవసరం లేదు. తెలుగులో రాసేటప్పుడు నల్లగొండ అనే రాయించండి, ఒకే మాటగా, నడుమ ఖాళీ లేకుండా. ల కింద వత్తు మరిచిపోతే నలగొండ అవుతుంది, ఆ పొరపాటు నేను బోర్డుల మీద కూడా చూశాను. పదం విడదీసేటప్పుడు ‘నల్ల + కొండ’ అని రాసి, ఆ పిల్లకు మార్కులు మాత్రం కోయకండి. వెనక బెంచీవాణ్ని ఒకసారి కాపురాల గుట్ట ఎక్కించి, వాళ్ల తాతను పక్కన కూర్చోబెట్టి, ఆ చుట్టుపక్కల ఎత్తులన్నిటికీ పేర్లు అడిగి రాసుకురమ్మనండి. ఆ కాగితం నాకు పంపితే సంతోషిస్తాను.