టీవీ కామెడీ రచయిత కావాలంటే

ప్రశ్న: మా అబ్బాయి డిగ్రీ రెండో సంవత్సరం చదువుతున్నాడు. టీవీ కామెడీ షోలకు రచయితనవుతానంటున్నాడు. అందరినీ బాగా నవ్విస్తాడు, నిజమే. కానీ నాకు టెన్షన్‌గా ఉంది. దీంతో బతకొచ్చా? ఏ కోర్సు చేయించాలి? - ఒక తల్లి

జవాబు: బతకొచ్చమ్మా. అయితే ఏడాది పొడవునా జీతం వచ్చే పని కాదు. సీజన్ నడిచినన్నాళ్లే పని. షో ఆగిపోతే పేరున్న రచయితైనా మళ్లీ వెతుక్కోవాల్సిందే. 2023లో అమెరికా రచయితల సంఘం 148 రోజులు సమ్మె చేసింది. ఒక్కో షోకు కనీసం ఇంతమంది రచయితలుండాలి, వాళ్లకు ఇన్ని వారాల పని ఉండాలి అన్నది అప్పటి ముఖ్యమైన డిమాండ్లలో ఒకటి. అందుకే డిగ్రీ మాత్రం ఆపనివ్వకండి.

కోర్సు తప్పనిసరేం కాదు. చేరితే గడువులోగా రాయడం అలవాటవుతుంది, తోటివాళ్లు పరిచయమవుతారు. పని ఇచ్చేవాళ్లు మాత్రం స్క్రిప్టే అడుగుతారు.

నేను చూసేది, తను రాసిన జోకు బాగాలేదని వేరేవాళ్లు తీసేస్తే అబ్బాయి ఏం చేస్తాడన్నది. అరగంట సిట్‌కామ్‌లో, అంటే అవే పాత్రలతో నడిచే కామెడీ సీరియల్లో, ప్రకటనలు పోను మిగిలేది సుమారు 22 నిమిషాలు. చాలా షోల్లో రచయితలంతా ఒక గదిలో కూర్చుని కథ అల్లుతారు, ఒకరు రాసుకొస్తారు, అందరూ కలిసి దాన్ని మారుస్తారు. తర్వాత నటులు పైకి చదువుతారు. నవ్వు రాని చోటల్లా మళ్లీ రాయాలి, ఒక్కోసారి ఆ రాత్రికే. ప్రేక్షకుల ముందు తీసే షోల్లోనైతే షూటింగ్ మధ్యలోనూ డైలాగ్ మారుతుంది. తన పేరుతో వచ్చిన ఎపిసోడ్‌లో తను రాసిన మాటలు కొన్నే మిగలొచ్చు. అమెరికన్ రచయిత లారీ డేవిడ్ 1984-85లో అక్కడి ఒక పెద్ద స్కెచ్ షోకు, అంటే చిన్న చిన్న హాస్య సన్నివేశాల షోకు, సీజనంతా రాస్తే, ప్రసారమైంది ఒకే ఒక్క స్కెచ్. ఆయనే తర్వాత 'సైన్‌ఫెల్డ్' అనే పేరున్న సిట్‌కామ్ సృష్టికర్తల్లో ఒకడయ్యాడు. అంత కొట్టివేత తట్టుకోవడం అందరివల్లా కాదు, కాకపోయినా తప్పు లేదు. ఒకరిద్దరే కూర్చుని మొత్తం రాసుకునే పద్ధతి బ్రిటన్‌లో ఎక్కువ. కానీ కొత్తవాడిని నమ్మి సిరీస్ మొత్తం అప్పగించడం అరుదు.

మీ అబ్బాయితో ఇప్పుడే ఒక పని చేయించండి. నడుస్తున్న షోకు ఒక ఎపిసోడ్, సొంత ఆలోచనతో ఒక పైలట్, అంటే కొత్త షోకు మొదటి ఎపిసోడ్, రాయమనండి. స్నేహితులను పాత్రలు పంచుకుని పైకి చదవమనాలి. తను మాత్రం నోరు మెదపకూడదు, 'అది కాదురా, అక్కడ జోకేంటంటే' అని వివరించకూడదు. ఎక్కడ నవ్వలేదో గుర్తు పెట్టుకుని తిరగరాయాలి. ఇది చాలా కష్టమమ్మా, సరదాగా మాట్లాడే పిల్లలకు మరీ కష్టం.

పరిశ్రమలోకి చాలామంది రచయితల గదిలో సహాయకులుగా వెళ్తారు. అక్కడ అనుకున్నవన్నీ నోట్ చేయడం, మారిన స్క్రిప్టు సిద్ధం చేయడం వాళ్ల పని. స్టేజీ మీద స్కెచ్‌లు వేసే బృందాల నుంచి వచ్చేవాళ్లూ ఉన్నారు.

ఆ రెండు స్క్రిప్టులూ తిరగరాశాక నాకు పంపమనండి. మొదటి ప్రతులు కూడా జతచేయాలి, ఏం మార్చాడో చూసి మాట్లాడతాను.