తొమ్మిది రోజులు మూగనోము పట్టిన రాజ్యం

తమ్ముడూ,

నువ్వు రాస్తున్న కథలోంచి పంపిన మూడు అధ్యాయాలూ రెండుసార్లు చదివాను. రెండోసారి పెన్సిల్ పట్టుకుని కూర్చున్నాను కాబట్టి కాస్త భయపడే ఈ ఉత్తరం విప్పు.

రాజు పోయిన రోజు నుంచి తొమ్మిది రోజులు రాజ్యంలో ఎవరూ నోరు విప్పకూడదన్న ఆచారం నాకు నచ్చింది. కానీ అది చెప్పడానికి నాలుగు పేజీల ఉపన్యాసం ఇచ్చావు. ఏ ఋషి పెట్టాడు, ఏ శాపం వల్ల పెట్టాడు, ఎన్ని తరాలుగా సాగుతోంది... రాజ్యమంతా మూగనోము పడితే నువ్వొక్కడివే ఆపకుండా మాట్లాడుతున్నావు.

మా అమ్మమ్మ శనివారాలు మధ్యాహ్నం దాకా మౌనం పట్టేది. ఆ పూట ఇంట్లో గోల రెండింతలయ్యేది. ఆవిడ చెయ్యి తిప్పితే ఒకరు ఉప్పు అనేవారు, ఒకరు పప్పుగుత్తి అనేవారు, మా మామయ్య తననే బయటికి పొమ్మంటోందనుకుని చెప్పులు వేసుకునేవాడు. చివరికి ఆవిడ చేతిలో గ్లాసు నేలకేసి టంగున కొట్టేది. ఆ తిట్టు ఎవరికి తగలాలో వాళ్లకే తగిలేది. నీ తొమ్మిది రోజుల్లో అలాంటి గ్లాసు చప్పుడు ఒక్కటీ లేదు. సంతలోనూ కోటలోనూ ఒకటే నిశ్శబ్దం.

బాలి ద్వీపంలో న్యేపి అని ఒక పండగ ఉంది. అక్కడి హిందువుల శక సంవత్సరాది. 2023లో అదీ మన ఉగాదీ మార్చి 22నే పడ్డాయి. మనం పచ్చడి తిని పంచాంగం వింటుంటే వాళ్లు పొద్దున ఆరు నుంచి మర్నాడు ఆరు దాకా ఇళ్లలోనే ఉండిపోయారు. నిప్పు, దీపం, పని, ప్రయాణం, వినోదం ఏవీ ఉండకూడదు. విమానాశ్రయం మూసేస్తారు, 2018 నుంచి మొబైల్ ఇంటర్నెట్ కూడా ఆపేస్తున్నారు. ముందురోజు రాత్రి మాత్రం ఓగొ-ఓగొ అనే పెద్ద పెద్ద భూతాల బొమ్మలు భుజాలకెత్తుకుని చెవులు చిల్లులు పడేలా ఊరేగిస్తారు. అంత గోల జరిగింది కాబట్టే మర్నాటి నిశ్శబ్దం వినిపిస్తుంది. నీ మొదటి అధ్యాయంలో ఆ ముందురోజు లేదు.

నాకు అంతకన్నా ఆసక్తి అక్కడి పెచలాంగ్‌ల మీద. వీళ్లు ఊరి కాపలాదారులు. అందరూ ఇంట్లో ఉన్నారో లేదో చూడటానికి వీళ్లు మాత్రం వీధిలో తిరగాలి. ఆసుపత్రులకి కూడా మినహాయింపు ఉంది. నీ రాజ్యంలో ఆ కాపలా ఎవరిది? అతని పెళ్లానికే ఆ రాత్రి నొప్పులొస్తే మంత్రసానిని ఎలా పిలుస్తాడు? ఆచారం గురించి పుస్తకంలో నువ్వు చెప్పాల్సిందంతా ఆ గుమ్మం దగ్గర ఒక్క పేజీలో తేలిపోతుంది.

ఇంకొకటి. మాట లేదంటే భాష లేదని కాదు. ఆస్ట్రేలియా నడిమి ఎడారిలో వార్ల్‌పిరి తెగ వాళ్లలో భర్త పోయిన స్త్రీలు నెలల తరబడి నోటితో మాట్లాడేవారు కాదు. దానికోసం వాళ్ల దగ్గర చేతులతో మాట్లాడే నిండు భాషే ఉంది. నీ వాళ్లకి కూడా సైగల భాష ఉందని రాశావు, బాగుంది. కానీ ఇరవై ఏళ్ల కుర్రాడు దాన్ని గడగడా మాట్లాడేస్తున్నాడే! పాత రాజు ముప్పై ఏళ్లు ఏలాడని నువ్వే రాశావు. అంటే కిందటి మూగనోము నాటికి వీడు పుట్టనే లేదు. ఆ సైగలు ముసలివాళ్లకే గుర్తుండాలి, వాటిలోనూ సగం తప్పు గుర్తుండాలి.

మూడో అధ్యాయంలో రాజు తమ్ముడు గద్దె కోసం కత్తి దూశాడు. కత్తి తీసెయ్. 1947 జూన్ 2న మౌంట్‌బాటన్ విభజన ప్రణాళిక గురించి మాట్లాడటానికి గాంధీని కలిశాడు. ఆ రోజు సోమవారం, గాంధీ మౌనవారం. పాత కవర్ల వెనక నాలుగు ముక్కలు రాసిచ్చాడు, అంతే. మాట అన్నిటికన్నా అవసరమైన రోజునే మౌనం వచ్చి పడటం కంటే నీకు ఇంకేం కావాలి? మౌనం అర్ధాంగీకారం అని మనవాళ్లు ఊరికే అనలేదు. అయిదో రోజున ఆ తమ్ముడు నడిబజారులో ఒక పలక కట్టిస్తాడు. 'ఇకనుంచి నేనే రాజుని. అభ్యంతరం ఉన్నవాళ్లు ఇప్పుడే చెప్పండి.' జనమంతా నిలబడి చదువుతారు. ఈ ఘట్టం రాసి పంపు, మిగతాది తర్వాత చూద్దాం.

పదో రోజు పొద్దున మొదటి మాట ఎవరంటారో నువ్వింకా రాయలేదు. అక్కడ పెద్ద డైలాగు పెట్టాలని నీకు చెయ్యి దురద పెడుతుంది, నాకు తెలుసు. మా అమ్మమ్మ నోరు విప్పగానే ప్రతి శనివారం ఒకటే అనేది. "పాలు పొంగిపోతుంటే ఒక్కళ్లూ చూడలేదేంరా?"

ప్రేమతో,
మీ అన్నయ్య