టీసీలో పేరు తేడా, పాప నాట్యం బడి: పర్లాకిమిడి అక్కకి

అక్కా, ఏడు పాసైన పాపకి నాట్యం బడి దరఖాస్తు పెట్టబోతే ఒడియా టీసీలో 'వాణి' కాస్తా 'బాణి' అయ్యిందన్నారు కదా. మా అమ్మాయికీ ఇదే తంటా! ఒడియాలో వ, బ రెంటికీ ఒకటే అక్షరం రాస్తారు మరి. ముందు ఆధార్, జనన పత్రం చూపించి బడిలోనే దిద్దించండి. అనువాదం, నోటరీ ఆ తర్వాతే.

కేరళ కళామండలంలో ఎనిమిది నుంచే చదువూ కళా కలిపి నేర్పుతారు గానీ, పాపకి మలయాళం కొత్త. నన్నడిగితే విజయనగరం సంగీత నృత్య కళాశాలే మేలు. 1919లో పెట్టింది, ఆదిభట్ల నారాయణదాసు గారు తొలి ప్రిన్సిపాల్. అక్కడ మామూలు చదువు ఉండదు, ఎనిమిదో తరగతికి వేరే బడి చూసుకోవాలి. కళలు నేర్చుకునే పిల్లలకి కేంద్ర ప్రభుత్వ సాంస్కృతిక సంస్థ సీసీఆర్‌టీ ఇచ్చే స్కాలర్‌షిప్‌కి 10-14 ఏళ్ల పిల్లలే అర్హులు, అదీ ఇప్పుడే పెట్టేయండి.