ఆధునిక వాస్తుశిల్ప (ఆర్కిటెక్చర్) చరిత్ర ఏ పుస్తకంతో మొదలుపెట్టాలి?

కెనెత్ ఫ్రాంప్టన్ 1980లో వెలువరించిన ‘మోడరన్ ఆర్కిటెక్చర్: ఎ క్రిటికల్ హిస్టరీ’ కొన్ని అధ్యాయాల తరువాత ముందుకు సాగడం లేదని, దాన్ని వదిలేయాలా అని మీరు అడిగారు. వదలవద్దు, కొంతకాలం పక్కన పెట్టండి. అందులోని క్లుప్తమైన అధ్యాయాలు చాలా భవనాలు పాఠకుడికి ముందే తెలుసన్నట్టు నడుస్తాయి కనుక, మొదట విలియం కర్టిస్ ‘మోడరన్ ఆర్కిటెక్చర్ సిన్స్ 1900’ చదివి తిరిగి దాని దగ్గరకు రావడం మేలు. ముఖ్యమైన భవనాల దగ్గర ఆగి, వాటికి ఆ రూపం ఎందుకు వచ్చిందో కర్టిస్ ఓపికగా వివరిస్తారు.

చదివేటప్పుడు ప్లాన్ బొమ్మలను మాత్రం దాటవేయకండి. వాస్తుశిల్పి లె కార్బుజియే కట్టిన విల్లా సవొయ్ అనే ఇల్లు ఫొటోలో స్తంభాల మీద నిలిచిన తెల్లని పెట్టెలాగే కనిపిస్తుంది. కింది అంతస్తు ప్లాన్ చూస్తేనే, అక్కడి గాజు గోడ వంపును కారు తిరిగే మలుపును బట్టి గీశారని, నడిమధ్య ర్యాంపు అంతస్తులన్నిటినీ కలుపుతోందని అర్థమవుతుంది.

ఆపైన చరిత్రకారులు నికొలాస్ పెవ్స్‌నర్ 1936 నాటి ‘పయనీర్స్ ఆఫ్ ది మోడరన్ మూవ్‌మెంట్’ను, రేనర్ బానమ్ 1960 నాటి ‘థియరీ అండ్ డిజైన్ ఇన్ ది ఫస్ట్ మెషీన్ ఏజ్’ను జంటగా చదవండి. మొదటిది ఆంగ్ల రూపకర్త విలియం మోరిస్ నుంచి జర్మన్ వాస్తుశిల్పి వాల్టర్ గ్రోపియస్ వరకు తిన్నని దారి వేస్తే, పెవ్స్‌నర్ శిష్యుడే అయిన బానమ్ అందులో తగిన చోటు దక్కని ఇటలీ ఫ్యూచరిస్టులను (యంత్రాన్ని, వేగాన్ని కీర్తించిన కళాకారులను) ముందుకు తెస్తారు. చరిత్ర రచన కూడా ఒక వాదనేనని ఇంత స్పష్టంగా చూపే జంట మరొకటి లేదని నా అభిప్రాయం.

డిజైన్ చరిత్రకు ఏడ్రియన్ ఫార్టీ ‘ఆబ్జెక్ట్స్ ఆఫ్ డిజైర్’ ప్రారంభంగా సరిపోతుంది. ఇంగ్లండ్‌లోని వెడ్జ్‌వుడ్ సంస్థ తయారుచేసిన పింగాణీ పాత్రల వంటి వస్తువుల రూపాన్ని, రూపకర్త ప్రతిభకన్నా తయారీ, అమ్మకాల అవసరాల నుంచి అది పరిశీలిస్తుంది.