ట్యూన్లు కట్టడం ఎవరైనా నేర్పగలరా? నా అనుభవం

కీబోర్డు వచ్చు, సంగీతం థియరీ నేర్చుకుంటే ట్యూన్లు కట్టడంలో నా సొంత శైలి పోతుందేమో అని మీలో ఒకరు అడిగారు. ఆ భయం నాకూ ఉండేది.

నాకు చెప్పిన మాస్టారు పారిస్ చూడలేదు గానీ, అక్కడ ఎందరో స్వరకర్తలకు పాఠాలు చెప్పిన ఫ్రెంచ్ గురువు నాదియా బులాంజే పద్ధతి అంటే ఆయనకు మహా గురి. కట్టిన మూడు ట్యూన్లు పట్టుకుని మొదటిరోజు వెళ్తే, వాటిని డ్రాయరులో పడేసి, జర్మన్ స్వరకర్త బాఖ్ కోరల్ (చర్చిలో కలిసి పాడే పాట) ఒకటి ముందు పెట్టారు. అందులో నాలుగు గొంతులు. మూడింటిని వాయిస్తూ నాలుగోదాన్ని పాడాలి. అది కుదిరితే ఇంకో గొంతు. బేస్, అంటే అన్నిటికన్నా కింది గొంతు, పాడమంటే నా గొంతు నాకు తెలియకుండానే పై మెలొడీలోకి జారిపోయేది. ఎనిమిది బార్లు సరిగ్గా రావడానికి ఐదు వారాలు పట్టింది. అంతవరకూ నాకు బేస్ అంటే ఎడమచేత్తో కార్డు (రెండుమూడు స్వరాలు కలిపి) నొక్కడమే! మనకు సరళి వరసలు, జంట వరసలు అయ్యాకే గీతం చెప్తారు కదా, ఇదీ అలాంటి చాకిరీయే. మధ్యలో రెండుసార్లు మానేద్దామనుకున్నాను.

శైలి సంగతికి వస్తే, బులాంజే శిష్యులనే చూడండి. ముగ్గురు అమెరికన్ స్వరకర్తలు: 1921లో ఆవిడ దగ్గర చేరిన ఆరన్ కోప్లాండ్, 1957లో వెళ్లిన క్విన్సీ జోన్స్, 1960ల్లో రెండేళ్లపాటు కౌంటర్‌పాయింట్ (ఒకేసారి నడిచే వేర్వేరు మెలొడీలు) రాసిన ఫిలిప్ గ్లాస్. ఒకరి సంగీతానికి ఇంకొకరి సంగీతంతో పోలికే లేదు. 1954లో అర్జెంటీనా నుంచి వచ్చిన స్వరకర్త పియాసోలా అయితే తాను టాంగో (వాళ్ల దేశపు డాన్సు సంగీతం) వాయిస్తానని చెప్పుకోవడానికే సిగ్గుపడి, సింఫనీలు చూపించాడు. ఆవిడ అడిగి అడిగి ఒక టాంగో వాయింపించుకుని, అసలు పియాసోలా ఇక్కడున్నాడు, ఇది వదలొద్దు అన్నదట. (ఇంతమందికి నేర్పిన ఆవిడ, చెల్లెలు లిలీ 24 ఏళ్లకే పోయాక కొన్నేళ్లకు తాను రాయడమే దాదాపు మానేసింది. అది నాకు ఇప్పటికీ బాధగా అనిపిస్తుంది.)

ఏడాది తర్వాత మాస్టారు డ్రాయరులోంచి నా ట్యూన్లు తీసి, "ఇప్పుడు నువ్వే విను" అన్నారు. రెండు ఎప్పుడో విన్న సినిమా పాటలకు నకళ్లని ఆయన చెప్పకుండానే తెలిసిపోయింది. మూడోదాంట్లో నాలుగు బార్లు మాత్రం ఎక్కడా విన్నట్టు లేవు.

"అవి ఉంచుకో, మిగతాది మళ్లీ రాయి" అన్నారు. మీరు కూడా ఏదైనా చిన్న కోరల్ తీసుకుని, ముందు బేస్ పాడి చూడండి.